థార్న్‌బీ పగలగొట్టించిన మెట్లు

మా ఊళ్లో నేను పుట్టిన పాత ప్రసూతి ఆసుపత్రి గోడలో ఒక రాతిపలక ఉండేది. దానిమీద థార్న్‌బీ అన్న పేరు చెక్కి ఉండేది. తెల్లవాళ్ల కాలంలో ఆ భవనానికి నమూనా గీసిన ఆర్కిటెక్ట్ ఆయన. రోహిణి కార్తెలో కూడా వార్డులోకి గాలి ఎలా వీచేదో మా అమ్మ ఇప్పటికీ చెబుతుంది. ఆయన తర్వాత అమెరికా వచ్చి ఫిలడెల్ఫియా శివార్లలో ఒక క్రికెట్ పెవిలియన్ కట్టాడని ఈ మధ్యే తెలిసింది. మేముండే ఎడిసన్ నుంచి పొద్దున బయల్దేరితే సాయంత్రానికి తిరిగి రావచ్చు.

మా అమ్మాయి నిధిని కూడా రమ్మన్నాను. కాలేజీ సాకర్ జట్టులో ఆడుతూ మోకాలి లిగమెంట్ తెంచుకుంది. ఆపరేషన్ అయింది, సీజన్ పోయింది. జట్టు పిల్లలు చూడటానికి వస్తే నిద్రపోతున్నానని చెప్పించేది. వారం రోజులు బతిమాలితే కదిలింది.

"ఫైన్, నాన్నా. బట్ నేను స్టెప్స్ ఎక్కను. కింద వెయిట్ చేస్తా."

నవంబరు మొదటి శనివారం. కారులో కాలు చాపుకునే వీలుండదని ఎనిమిదింటి రైలెక్కాం. ఎదురుగా కూర్చున్న వరంగల్ కుర్రాడు నిధి చేతికర్రలు చూసి లేచాడు. "అంకుల్, ఈ సీట్ల కూసోర్రి, సిస్టర్ కాలు మంచిగ చాపుకుంటది." ఎమ్మెస్ అయిపోయిందట. "ఓపీటీ టైం అయిపోతుంది అంకుల్, జాబ్ రాకుంటే ఇండియా పోవుడే. ఫ్రెండ్ దగ్గర ఇంటర్వ్యూకి ప్రిపేర్ అవుదామని పోతున్న." ట్రెంటన్‌లో రైలు మారేటప్పుడు మా సంచీ కూడా తనే మోశాడు. ఫిలడెల్ఫియాలో ఇంకో లోకల్ ఎక్కాలి. దిగిన చోట హోటళ్లేమీ లేవు. వెళ్లేవాళ్లు మాలాగే పులిహోర కట్టుకెళ్లడం మేలు.

స్టేషన్‌కు దగ్గర్లోనే పచ్చటి మైదానం, దాని అంచున రెండంతస్తుల చెక్క పెవిలియన్. ముందే ఫోన్ చేసి ఉండటంతో థార్న్‌బీ మనవరాలు ఎలినార్ వాకిట్లో నిలబడి ఉంది. ఎనభై దాటిన మనిషి, గొంతు మాత్రం ఖంగుమంటుంది. నిధి బెంచీ కోసం చూస్తుంటే, "పైకి రా, నీకేం కాదు" అంది ఇంగ్లీషులో.

నిధి నావైపు కోపంగా చూసి, కర్ర మొదటి మెట్టుమీద ఆనించింది. మెట్టు బెత్తెడు ఎత్తు కూడా లేదు. పాదమూ కర్రా పక్కపక్కన పట్టేంత వెడల్పు. మలుపు దగ్గర కూర్చోవడానికి బల్ల. ఆగి ఆగి, నా చేయి పట్టుకోకుండానే పైకెక్కేసింది.

"హౌ కమ్ ఇంత ఈజీగా ఉంది?" అంది ఆశ్చర్యంగా.

పై వరండాలో కూర్చున్నాక ఎలినార్ చెప్పింది. థార్న్‌బీ మద్రాసులో వారమంతా నమూనాలు గీసి, ఆదివారాలు క్రికెట్ ఆడేవాడు. డబ్బు కోసం కాదు, ఆటమీద ప్రాణం. ఒకనాడు బంతి వెంట పరుగెత్తి మైదానం పక్క కాలువలో పడ్డాడు. తుంటి ఎముక విరిగింది, వంకరగా అతుక్కుంది. ఇక ఆట లేదు. రెండేళ్లు మైదానం వైపే చూడలేదట. ఆ రోజుల్లోనే మా ఊరి ఆసుపత్రి దాదాపు పూర్తయింది. చూడబోయి, కర్రతో తన మెట్లు తానే ఎక్కలేకపోయాడు. సగంలో కూలబడి, "నిండు గర్భిణి వీటిని ఎలా ఎక్కుతుంది?" అన్నాడట. పైఅధికారులు వద్దన్నా వినకుండా వాటిని పగలగొట్టించి, తక్కువ ఎత్తులో మళ్లీ కట్టించాడు. ఈ పెవిలియన్ మెట్లూ అదే కొలతట.

"ఆ మెట్లెక్కే మా అమ్మ నన్ను కనడానికి వెళ్లింది" అన్నాను. ఎలినార్ నా చేయి పట్టుకుంది.

"తాతయ్య మంచివాడే. కానీ ఆయన ఆడిన మైదానంలోకి మీవాళ్లను బంతులు ఏరడానికే రానిచ్చేవారు. అదీ చెప్పాలిగా" అంది. ఆ మాటతో నాకు ఆమె మీద కూడా గౌరవం కలిగింది.

"మళ్లీ గ్రౌండ్‌కి వెళ్లాడా?" అని నిధి అడిగింది.

"వెళ్లాడు. అంపైర్‌గా నిలబడ్డాడు. ఇక్కడికొచ్చాక కూడా, చివరిదాకా."

మూడింటికి తిరుగు రైలెక్కాం. గొప్ప భవనాలు కట్టినవాళ్లు చాలామంది ఉంటారు. కట్టినదాంట్లో తప్పుందని నలుగురి ముందు ఒప్పుకుని పగలగొట్టించినవాళ్ల గురించి నేను వినడం ఇదే మొదలు. ఆ మాటే నిధితో అన్నాను. తను వేరే ఆలోచనలో ఉంది.

"నాన్నా, ఫస్ట్ డే అంపైర్‌గా నిలబడినప్పుడు ఏడ్చాడంటావా?"

"ఏడ్చే ఉంటాడు."

"యా. ఐ థింక్ సో టూ."

కిటికీ వైపు తిరిగింది. భుజాలు కదులుతున్నాయి. ఆపరేషన్ రోజు కూడా ఏడవని పిల్ల. ట్రెంటన్ దాటాక ముఖం తుడుచుకుంది.

"నెక్స్ట్ సాటర్డే మా వాళ్లకి గేమ్ ఉంది. డ్రాప్ చేస్తావా? ఊరికే బెంచ్ మీద కూర్చుంటా."