అయిదో మైసూరు యుద్ధం

రూబెన్ మాస్టారు కడగకుండా ముట్టుకునే వస్తువంటూ ఈ భూమ్మీద లేదు. ఆఖరికి సబ్బును కూడా ముందు నీళ్ళతో కడిగి, ఆ కడిగిన సబ్బుతో చేతులు కడుక్కుని, ఆ చేతులతో కుళాయి కడిగి, కుళాయిని ముట్టుకున్నందుకు మళ్ళీ చేతులు కడుక్కుంటారు. మరి కుళాయి కట్టేదెలా అని అడక్కండి. దేవుడు మోచేయి ఇచ్చింది అందుకేనని ఆయన గట్టి నమ్మకం.

ఆయన నందిగామ హైస్కూల్లో సోషల్ చెబుతారు. అదే స్కూల్లో తెలుగు చెప్పే నాగశ్రీదీ, ఆయనదీ జగ్గయ్యపేటే. ఇద్దరూ రోజూ ఒకే బస్సులో వెళ్ళొస్తారు కాబట్టి మాస్టారి విన్యాసాలన్నీ ఆవిడ కళ్ళారా చూసినవే. బస్సులో ఆయన పైన రాడ్డు పట్టుకోరు. సీటు వెనక కమ్మీ పట్టుకోరు. కాళ్ళు ఎడంగా పెట్టి, చేతులు గుండెల మీద కట్టుకుని, దేన్నీ ఆనుకోకుండా నిలబడతారు. ఓసారి చిల్లకల్లు దగ్గర గేదె అడ్డమొచ్చి డ్రైవర్ బ్రేకేశాడు. మాస్టారు వెళ్ళి ఓ ముసలాయన ఒళ్ళో కూర్చున్నారు. గబగబా లేచి, "సారీ అండి" అని, చేతులకి శానిటైజర్ రాసుకుని, మర్యాద కోసం ఆ ముసలాయన చేతిలోనూ రెండు చుక్కలు పోశారు. ఆయన తీర్థమనుకుని కళ్ళకద్దుకుని నోట్లో పోసుకోబోతుంటే నాగశ్రీ ఒక్క ఉదుటున చెయ్యి పట్టుకుని ఆపింది.

కరోనా వచ్చినప్పుడు ఊరు ఊరంతా రూబెన్ మాస్టారైపోయింది. అంతకుముందు నవ్విన వాళ్ళే ఫోన్లు చేసి, కూరగాయలు ఏ నీళ్ళతో కడగాలి మాస్టారూ అని అడిగారు. చర్చిలో షేక్‌హ్యాండులు ఆగిపోయి, అందరూ ఆయనలాగే దూరం నుంచి చేతులు జోడించి "వందనాలండీ" అన్నారు. తర్వాత కరోనా పోయింది. జనం మళ్ళీ మామూలుగా దగ్గుకుంటూ, తుమ్ముకుంటూ హాయిగా బతుకుతున్నారు. ఆయనొక్కరే మిగిలిపోయారు పాపం.

ఇలా ఉండగా, కడిగీ కడిగీ ఆయన అరచేతులు బీటలు వారాయి. నందిగామలో చర్మం డాక్టరు దగ్గరికెళ్తే ఆయన చేతులు తిప్పి చూసి, "మందు చేతులక్కాదండి మాస్టారూ, మీకు మైసోఫోబియా" అన్నాడు. గది బయట కూర్చున్న మాస్టారి భార్య జయమణికి ఆ మాట సగమే వినబడింది. మర్నాటికి పేటంతా తెలిసిపోయింది.

"మా సారుకి మైసూరు ఫోబియా అంటండి మేడంగారూ" అంది జయమణి, బస్టాండులో నాగశ్రీ కనబడగానే.

"మైసూరేంటి జయమణిగారూ?"

"ఏమో మరి. మైసూరంటే పడదంట."

"ఎప్పుడైనా వెళ్ళారా మీరు?"

"ఎక్కడండీ! తిరుపతి దాటి వెళ్ళలా. వెళ్ళకుండానే వచ్చింది చూడండి, అదే నాకు భయంగా ఉంది."

ఆ రోజు నుంచి వాళ్ళింట్లో మైసూరు బోండా బందు. మైసూరు పాకు బందు. పప్పులో మైసూరు పప్పు కూడా బందు. చుట్టాలిళ్ళలో పెళ్ళిళ్ళకి వెళ్తే వడ్డించేవాళ్ళు మాస్టారి విస్తరి దగ్గరికి రాగానే స్వీటు పళ్ళెం వీపు వెనక దాచేవారు. "మైసూరు కాదయ్యా బాబూ, మైసో! మైసో!" అని ఆయన కనబడ్డ ప్రతివాడికీ చెప్పుకొచ్చారు. ఎవడూ వినలేదు. ఎనిమిదో క్లాసులో "మైసూరు యుద్ధాలెన్నిరా?" అని అడిగితే క్లాసంతా ఒక్క గొంతుతో "అయిదండీ!" అంది.

"నాలుగురా సన్నాసుల్లారా! అయిదోదెక్కడిది?"

"అది మీదండీ."

నాగశ్రీకి మాటలంటే మహా కుతూహలం. ఏ మాట కనబడినా దాని పుట్టుపూర్వోత్తరాలు తెలుసుకోనిదే ఆవిడకి నిద్ర పట్టదు. ఈ మాటనీ తవ్వింది. మర్నాడు బస్సులో పక్క సీట్లో కూర్చుని (మాస్టారు తన సీటు మీద న్యూస్‌పేపర్ పరిచాక) చెప్పింది.

"గ్రీకు మాటండి మాస్టారూ. మైసోస్ అంటే మురికి, అపవిత్రం. ఫోబియా అంటే భయం. చిత్రం చూశారా, మన మైల అనే మాటకి ఎంత దగ్గరగా ఉందో! మైలభయం అందామా? చక్కటి తెలుగు."

మాస్టారు కాసేపు కిటికీ వైపు చూశారు. కిటికీని ముట్టుకోలేదు, చూశారంతే.

"ఆ మాట మా తాతని చూసి అనేవాళ్ళమ్మా" అన్నారు. "ఆయన నడిచిన చోట నీళ్ళు చల్లుకునేవాళ్ళంట. మళ్ళీ అదే తెచ్చి నాకు తగిలిస్తారా?"

నాగశ్రీ మొహం ఎర్రబడింది. "పోనీ అంటు..." అని మొదలుపెట్టి నాలిక్కరుచుకుంది.

మాస్టారు పకపకా నవ్వేశారు. "అది ఇంకా ఘోరం! చూశారా, మీ తెలుగులో శుభ్రం గురించి ఏ మాట ముట్టుకున్నా మాకే తగులుద్ది. మంచి మాట దొరికిందాకా మైసూరే ఉండనీండి. అక్కడ కనీసం ప్యాలెస్ ఉంది."

నవ్వుతూనే అన్నారుగానీ ఆ మాట నాగశ్రీకి లోపలెక్కడో గుచ్చుకుంది. దానికో కారణం ఉంది. అంతకు రెండేళ్ళ ముందు నాగశ్రీ వాళ్ళ గృహప్రవేశానికి మాస్టారు వచ్చారు. సంచిలోంచి సొంత స్టీలు గ్లాసు తీసి, ఇచ్చిన కాఫీ అందులోకి వంపుకుని తాగారు. నాగశ్రీ అత్తగారు బసవమ్మకి అరికాలి మంట నెత్తికెక్కింది. "మా ఇంటి గ్లాసుకేం రోగమొచ్చింది?" అని మాస్టారు గేటు దాటగానే అందుకుంది. నాగశ్రీ ఊరుకోలేక, "మన పాతింటి చూర్లో పనివాళ్ళకని వేరే గ్లాసు దోపి ఉండేదని మీరే చెప్పారుగా అత్తయ్యా. మనం అంతమందికి పెట్టాం, ఒకరు తెచ్చుకుంటే ఏమైంది?" అంది. బసవమ్మ ఆ పూట అన్నం తినలేదు. అప్పట్నుంచి మాస్టారి పేరెత్తితే ఆవిడ మూతి అటు తిరిగిపోయేది.

బస్సులో ఆ మాటలు జరిగిన ఏడాదికి, పెళ్ళయిన చాలా ఏళ్ళ తర్వాత, నాగశ్రీకి ఆడపిల్ల పుట్టింది. నెలలు నిండకుండానే, అరచేతిలో పట్టేంత పిల్ల. విజయవాడ ఆస్పత్రిలో అద్దాల పెట్టెలో ఉంచి, ఏప్రిల్ చివర్లో ఇంటికి పంపిస్తూ డాక్టరమ్మ ఒకటికి పదిసార్లు చెప్పింది. "స్కూళ్ళు తెరిచేదాకా ఎవర్నీ దగ్గరికి రానివ్వకండి. ముద్దులు పెట్టనివ్వకండి. ఈ పిల్ల మామూలు జలుబుకి కూడా తట్టుకోలేదు."

చెప్పడం తేలికే. కానీ బసవమ్మది వత్సవాయిలో పెద్ద కుటుంబం. మనవరాలు పుట్టిందంటే వచ్చే చుట్టాలకి లెక్కలేదు. వచ్చినవాళ్ళని గుమ్మంలో ఆపితే బతికున్నన్నాళ్ళూ మాట పడాలి. "రావద్దని ఏ నోటితో చెప్పనే? నాకు పరువు లేదా?" అంది బసవమ్మ. నాగశ్రీ భర్త సతీష్‌బాబు తల్లి మొహమూ పెళ్ళాం మొహమూ చూసి, ఫోను వచ్చినట్టు బయటికెళ్ళిపోయాడు.

నాగశ్రీ ఏ శానిటైజర్ మంచిదో అడుగుదామని రూబెన్ మాస్టారికి ఫోన్ చేసింది. అడగబోయి ఏడ్చేసింది.

"రేపట్నుంచి ఎవరెవరొస్తున్నారు?" అని మాత్రం అడిగారాయన.

తెల్లారేసరికి వాళ్ళ గేటు ముందు ప్లాస్టిక్ కుర్చీ వెలిసింది. కుర్చీలో మాస్టారు. పక్కన బకెట్టు, మగ్గు, కడిగిన సబ్బు, గేటుకి ఆరేసిన తువ్వాళ్ళు. జగ్గయ్యపేట మే నెల ఎండ ఎలా ఉంటుందో తెలిసినవాళ్ళకి వేరే చెప్పక్కర్లేదు. సున్నపురాయి నేల కాలిపోతుంటే, మాస్టారు గొడుగు చెట్టుకి కట్టుకుని కూర్చున్నారు.

మొదటి దండయాత్ర బసవమ్మ తమ్ముడు కృష్ణయ్యది. ఆటో నిండా జనంతో దిగాడు.

"ఎవరయ్యా నువ్వు? మా అక్కింటికి నేను రావడానికి నీ పర్మిషనేంది?"

"పర్మిషన్ కాదండి, జబ్బు" అన్నారు మాస్టారు చేతులు జోడించి. "నాకు మైసూరు."

కిటికీలోంచి వింటున్న నాగశ్రీ తన చెవుల్ని తానే నమ్మలేదు. ఏడాది పొడుగునా మైసో, మైసో అని ఊరంతటితో పోట్లాడిన మనిషి, ఈయనేనా?

"మైసూరేంది?"

"ముదిరిపోయిందండి. కడగని చెయ్యి చూస్తే నాకు కళ్ళు తిరుగుతై. ఒక్కోసారి పడిపోతా కూడా. అదిగో... అదిగో..." అంటూ మాస్టారు కుర్చీలోనే ఓ పక్కకి ఒరగడం మొదలుపెట్టారు.

"ఓరి దేవుడో! ఉండవయ్యా, కడుగుతా, కడుగుతా!" కృష్ణయ్య మోచేతుల దాకా రుద్దుకున్నాడు. ఆటోలోవాళ్ళూ రుద్దుకున్నారు. ఇంతా అయ్యాక మాస్టారు కృష్ణయ్య కళ్ళలోకి చూసి, "మీకు ఒళ్ళు వెచ్చగా ఉందాండి?" అన్నారు.

"ఎండన పడొచ్చా, వెచ్చగా ఉండదా?"

"అయితే కిటికీలోంచి చూడండి. లోపలికెళ్తే నాకు మళ్ళీ కళ్ళు తిరుగుతై."

అందర్నీ కిటికీ దగ్గరే నిలబెట్టారు. కృష్ణయ్య తిట్టిన తిట్లు ఇక్కడ రాస్తే బాగుండదు. "మేష్టారు కాదు, పిచ్చి మైసూరుగాడు!" అన్నది వాటిలో కాస్త మెత్తటిది. మాస్టారు దానికీ "వందనాలండీ" అన్నారు.

లోపల బసవమ్మ అగ్గి మీద గుగ్గిలమైంది. "మన గుమ్మంలో మన చుట్టాల్ని ఆపడానికి ఆయనెవడే?"

"పిచ్చాయన అత్తయ్యా. మనమేం చేస్తాం?" అంది నాగశ్రీ అమాయకంగా.

బసవమ్మ ఏదో అనబోయి ఆగింది. ఆవిడ తెలివైన మనిషి. సాయంత్రం ఇంకో చుట్టం ఫోన్ చేసి నిష్ఠూరమాడితే, "నాదేముందమ్మా, ఆ మేష్టారికి మైసూరంట, మా మాటే వినడు" అంటుంటే నాగశ్రీ విని, మూతికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వుకుంది. తిట్లన్నీ గేటు దగ్గరే ఆగిపోతున్నాయి. ఇంట్లోకి ఒక్కటీ రావడం లేదు.

వారం తిరక్కుండా వత్సవాయి నుంచి ఫోనొచ్చింది. కృష్ణయ్యకి ఆటలమ్మ పోసిందట. ఒళ్ళంతా పొక్కులు. ఇంట్లో అందరికీ అంటుకుందట. బసవమ్మ ఫోను పెట్టేసి, ఉయ్యాల దగ్గర కూర్చుని పిల్ల కేసి చాలాసేపు చూసింది. తర్వాత లేచి చెంబుతో మజ్జిగ కలిపి, తనే గేటు దాకా వెళ్ళింది.

"మీ గ్లాసు పట్టండి మేష్టారూ" అంది, ఇంకెటో చూస్తూ.

ఆ రోజు నుంచి గేటు దగ్గర యుద్ధానికి ఇద్దరు సేనాపతులు. మాస్టారి గొంతు మెత్తన, బసవమ్మ గొంతు సైరన్. "ఏయ్ అబ్బాయ్! మైసూరు చేసుకుని రా!" అని వాకిట్లోంచి కేకేస్తే పాలబ్బాయి క్యాను కింద పెట్టి బకెట్టు దగ్గరికి పరుగెత్తేవాడు. చూస్తుండగానే ఆ వీధిలో చేతులు కడుక్కోవడానికి అదే మాటైపోయింది. "అన్నానికి రండి, మైసూరు చేసుకున్నారా?" అని ఇరుగుపొరుగు కూడా అనేస్తున్నారు. మంచి తెలుగు మాట కోసం వెతికిన నాగశ్రీకి, మాట దానంతటదే దొరికింది. ఇందులో మైల లేదు, అంటు లేదు. నీళ్ళూ, సబ్బూ, ఓ పిల్లా ఉన్నారు, అంతే.

జూన్ వచ్చింది. డాక్టరమ్మ పిల్లని తూచి, ఇక భయం లేదంది. పిల్ల బుగ్గలొచ్చి, కాళ్ళు తన్నుతోంది. ఆ సాయంత్రం మాస్టారు బకెట్టు బోర్లించి, తువ్వాళ్ళు మడిచి, కుర్చీ ఎత్తుకుని బయల్దేరబోతుంటే నాగశ్రీ పిల్లనెత్తుకుని వాకిట్లోకి వచ్చింది.

"ఒక్కసారి ఎత్తుకోండి మాస్టారూ."

మాస్టారు రెండడుగులు వెనక్కి వేశారు. "నేనా? అమ్మో, వద్దమ్మా. రోజూ వందమందిని చూసినవాణ్ణి. నా దగ్గర్నుంచి ఏం పోద్దో ఏమో పిల్లకి."

నాగశ్రీకి అప్పుడు అర్థమైంది. ఇన్నేళ్ళూ ఆయన భయాన్ని తనే తప్పుగా చదివింది. ఈయన భయం తనకేదో వస్తుందని కాదు. తననుంచి ఇంకొకరికి పోతుందని.

"చాల్లెండి చోద్యం!" అంది బసవమ్మ వెనకనుంచి. "మైసూరు చేసుకుని రండి, చెబుతా."

మాస్టారు మైసూరు చేసుకున్నారు. మోచేతుల దాకా, ఆపైన భుజాల దాకా, సబ్బు అరిగిపోయేదాకా. అప్పుడు వాకిలి గట్టు మీద కూర్చుని చేతులు చాపారు. పిల్ల ఆయన చూపుడువేలు పట్టుకుని, తిన్నగా నోట్లో పెట్టుకుని చప్పరించడం మొదలుపెట్టింది. మాస్టారు ఊపిరి బిగబట్టారు. అంతలో పిల్ల కిలకిలమంటూ ఆయన చొక్కా తడిపేసింది. ఆయన కడుక్కోడానికి లేవలేదు. లేస్తే పిల్ల వేలు వదిలేస్తుందని అక్కడే కూర్చుండిపోయారు.

బసవమ్మ కాఫీ తెచ్చి చేతికిచ్చింది. ఆయన పిల్లనే చూస్తూ గటగటా తాగేశారు. తాగాక చూస్తే ఆయన గ్లాసు సంచిలోనే ఉంది. చేతిలో ఉన్నది బసవమ్మ పేరు చెక్కిన గ్లాసు.

"ఇది... ఇది ఎవరిదండీ?"

"మా ఇంటిదే" అంది బసవమ్మ, నడుం మీద చెయ్యి పెట్టుకుని. "ఏం, మైసూరా?"

మాస్టారు గ్లాసుని అటూ ఇటూ తిప్పి చూశారు. పిల్ల కేసి చూశారు. గ్లాసు ముందుకు చాపారు.

"కాదండీ. ఇంకొంచెం ఉందా?"