సాంచాలు ఆగిన సాయంత్రం

1997. భివండీలోని కామత్‌ఘర్‌లో నాది మైక్ సెట్ దుకాణం. రెండు హారన్లు, గొంతును పెద్దది చేసే ఒక ఆంప్లిఫయర్. దాన్ని పూర్తిగా తిప్పితే అంజూర్ ఫాటా దగ్గర లారీలు వాటంతటవే పక్కకు జరుగుతాయని గిరాకీలకు చెప్పేవాణ్ణి. మా గల్లీలో అంత గొంతూ అవసరమే. పగలూ రాత్రీ సాంచాలు, అంటే పవర్‌లూములు, ఆడుతూనే ఉంటాయి. మొగుడూ పెళ్ళాలు పోట్లాడుకోవాలన్నా కరెంటు పోయేదాకా ఆగాలి.

నా పెద్ద గిరాకీ నర్సింగ్ సేఠ్. కరీంనగర్ దిక్కు నుంచి ఒంటి చొక్కాతో వచ్చిన కొత్తలో, మా గల్లీలో సాంచా నడిపే ఏసుదాసు వాళ్ళ తండ్రి ఖోలీలో, అంటే ఒంటిగదిలో తల దాచుకున్నాడు, వాళ్ళ కుండలోదే తిన్నాడు. సాంచాలు కొన్నాక తన రక్తం మేలిమిదని కనిపెట్టాడు. ఏ డాక్టరు పరీక్ష చేసి చెప్పాడో తెలియదు. ఒక సంఘం పెట్టి, క్రైస్తవ కుటుంబాలకు పనీ ఖోలీ ఇవ్వొద్దని సభలు పెట్టేవాడు.

ఆ సాయంత్రం సభకు ముందు సేఠ్ మనుషులు గల్లీలోని కార్ఖానాలన్నిటా మెయిన్ స్విచ్చులు దింపించారు. దోమ దగ్గినా వినిపించేంత నిశ్శబ్దం. ఆంప్లిఫయర్ సగం కూడా తిప్పలేదు నేను.

"ఏసుదాసు ఖోలీల ఆదివారం ప్రార్థనలు పెడ్తున్నరు. తెల్లారేటాళ్లకు ఆ ఖోలీ ఉండొద్దు" అన్నాడు సేఠ్.

తెల్లారేదాకా ఎవరూ ఆగలేదు. నేను వైర్లు చుట్టేలోపే ఆ ఖోలీ నుంచి పొగ లేచింది. లోపల ఏసుదాసు ఉన్నాడు.

ఏళ్ళు గడిచి విచారణ మొదలయ్యేసరికి నా ఆనాటి హారన్లు తుప్పుపట్టి పిట్టలకు గూళ్ళయ్యాయి. సేఠ్ శాంతి గురించే మాట్లాడారన్నాడు ఆయన వకీలు. సభకు వచ్చినవాళ్ళదంతా ఒకటే పాట: "సాంచాల సప్పుడుల ఏం ఇనవడలే సాబ్." భివండీలో ఎవరూ కాదనలేని అబద్ధం అది.

నేను సాక్ష్యం చెప్పే ముందురోజు ఏసుదాసు భార్య సువార్తమ్మ దుకాణానికి వచ్చింది.

"నువ్వన్న ఇన్నవా అన్నా, నీకు గూడ చెవుడేనా?"

"ఇన్న చెల్లె. చెప్తే సేఠ్ నా గిరాకంత బంద్ వెట్టిస్తడు."

"పెట్టనియ్యి. లోకంల గొంతున్నోడు ఆయనొక్కడేనా?"

కోర్టులో చెప్పాను. సాంచాలు ఆపించారని కూడా చెప్పాను. వకీలు నవ్వాడు. "భివండీలో సాంచాలు ఆగాయా? ఇతను గోరంతను కొండంత చేసి చెప్తాడని ఊళ్ళో అందరూ ఎరుగుదురు." అది మాత్రం నిజం. జీవితంలో మొదటిసారి ఉన్నది ఉన్నట్టు చెప్తే నమ్మేవాడు లేడు.

తర్వాత సువార్తమ్మ బోనెక్కింది.

"ఆ పొద్దు నా మొగనికి రెండో పాళీ డ్యూటీ, సాబ్. సాంచాలు ఆడితే కార్ఖానలనే ఉండేటోడు. ఈ సేఠ్ ముచ్చట ఇనెతందుకు బంద్ జేసిన్రు. గందుకే ఇంటికొచ్చి పండిండు. నేను పక్క గల్లీల నూలు కండెలు సుట్టవోయిన. సాంచాలు ఆగకపోతే నా మొగడు బతికెటోడు."

వకీలు కాగితాలు సర్దుకున్నాడు.

సేఠ్‌కు జైలు శిక్ష పడింది. అప్పటికి కర్ర పట్టుకుంటే తప్ప నడవలేడు. పోలీసులు తీసుకుపోతుంటే సువార్తమ్మ ముందు నుంచే పోయాడు. ఒకప్పుడు వాళ్ళ కుండలో తిన్న మనిషి, ఆమె దిక్కు చూడలేదు.

నేనూ సువార్తమ్మా షేర్ ఆటోలో తిరిగొచ్చాం. గల్లీ మొదట్లో దిగి అడిగాను: "హారన్ కట్టి తీర్పు అందరికి చెప్పనా చెల్లె? ఫుకట్లనే, పైసలొద్దు."

"ఎవలింటరన్నా? సేఠ్ ముచ్చటకు అన్ని సాంచాలు ఆపిన్రు. ఇయ్యాల ఒక్కటన్న ఆగిందా?"

ఆగలేదు. ఆ చప్పుడులోనే ఆమె కండెలు చుట్టే పనికి నడిచిపోయింది.

గొంతు పెంచడమే నా వృత్తి అనుకున్నాను అన్నాళ్ళూ. ఇప్పుడు మైక్ కోసం ఎవరొచ్చినా ముందు ఒక మాట అడుగుతాను: "సాంచాలు ఆపిస్తరా?" ఆపిస్తామంటే, ఆంప్లిఫయర్ కాలిపోయిందని చెప్తాను.