పెండ్లిపీట మీద జారిన మోకాటిచిప్ప

బోడిగుండుకూ మోకాలికీ ముడిపెట్టాడని ఎవరినైనా ఎగతాళి చేస్తుంటే నాకు ఒళ్ళు మండుతుంది. బోడిగుండు సంగతి నాకు తెలియదు గాని, మోకాలికీ మూడుముళ్ళకూ మాత్రం సంబంధం ఉంది. నా పెండ్లికి దాయాదులెవరూ మోకాలడ్డలేదు. ఆ శ్రమ వాళ్ళకు లేకుండా నా మోకాలే అడ్డింది.

నా ఎడమ మోకాటిచిప్పకు మొదటినుంచీ స్థిరబుద్ధి లేదు. అందరి చిప్పలూ బుద్ధిగా మోకాలి ముందర కూర్చుంటాయి. నాది అట్లా కాదు. కాలు మడిచి ఉన్నప్పుడు పాదం ఒక వైపు ఉండిపోయి ఒళ్ళు ఇంకో వైపు తిరిగిందా, అది బయటి పక్కకు జారిపోతుంది. ముందర గుంట పడుతుంది, పక్కన ఉల్లిగడ్డంత బుడిపె లేస్తుంది. మడిచిన కాలు మడిచినట్టే బిగుసుకుంటుంది. ప్రాణం కళ్ళలోకి వస్తుంది. మళ్ళీ కాలు చాపగలిగితే టక్కుమని తన చోటికి తనే వచ్చి, ఏమీ ఎరగనట్టు కూర్చుంటుంది. వాపు మాత్రం నాకు వదిలిపెడుతుంది.

మొదటిసారి అది జారింది కమలాపురం దగ్గర మా మేనమామ తోటలో. ఎద్దులతో నీళ్ళు తోడే కపిలి బావి దగ్గర ఎద్దులను తోలి చూపిస్తానని ఎగబడ్డాను. ఎద్దుల కోసం కాదు, అక్కడ గంపలోకి వంకాయలు కోస్తున్న మామ కూతురి కోసం. ఎద్దులు తిరిగాయి, నేనూ తిరిగాను, నా పాదం మాత్రం బురదలోనే ఉండిపోయింది. కిందపడి నేను పెట్టిన కేకకు ఎద్దులు బెదిరి వాలు దిగి పరుగెత్తాయి. ఆ పిల్ల గంప దించి, నిదానంగా వచ్చి నా కాళ్ళ దగ్గర కూర్చుంది. ఒక చేత్తో మడమ పట్టుకుంది, ఇంకో చేయి ఆ బుడిపె మీద పెట్టింది.

"బిగబట్టొద్దు బావా. తొడ వదులు చెయ్" అంది.

మెల్లగా మడమ లాగుతూ, చిప్పను లోపలికి నూకుతూ కాలు చాపింది. టక్కుమంది.

"నీకెట్ల తెల్సు ఇది?" అన్నాను.

"తెల్సు. అంతే" అని గంప ఎత్తుకుని పోయింది.

ఎట్లా తెలుసో గట్టిగా అడగాలని నాకు తోచనే లేదు. ఆ క్షణానికి నా బుద్ధి కూడా చిప్పతోబాటు పక్కకు జారి ఉంది. చేసుకుంటే ఈ పిల్లనే చేసుకోవాలనుకున్నాను.

చిక్కంతా మామతోనే. ఆయన మా అమ్మకు తమ్ముడు. మెట్ట సేద్యం, గట్టి మనిషి, గొంతు ఇంకా గట్టిది. "కాళ్ళు సరిగా లేనోనికి నా బిడ్డనియ్యను. గుంటక ఎనక పొద్దుగూకులూ నడిచేటోడు కావాల" అని కనపడిన వాళ్ళందరికీ చెప్పేవాడు. చెప్పడమే కాదు, కొంచెం కుంటుతాడని వేంపల్లె సంబంధం ఒకటి తిప్పి పంపాడు కూడా. ఆయన మాత్రం ఎవరింటికి పోయినా నేల మీద కూర్చునేవాడు కాదు. మంచం మీదనో, అరుగు అంచుననో కాళ్ళు వేలాడేసుకుని కూర్చునేవాడు. ఆస్తి ఉన్నవాడి బిగువు అని ఊరంతా అనుకునేది. నేనూ అనుకున్నాను.

"మూడుముళ్ళు పడేదాకా నీ మోకాలు మాట ఎత్తద్దు నాయనా" అంది మా అమ్మ, నా కాలి సంగతి ఎరగక మామ సంబంధానికి ఒప్పుకున్న రోజు. "ఎత్తితివా, వాడు మేళగాళ్ళను దావలోనే ఎనక్కు పంపుతాడు."

పెండ్లి కమలాపురంలో వాళ్ళింటి ముందర పందిట్లో. మోకాలికి బిగువుగా పాతగుడ్డ చుట్టి, దాని మీద పట్టుపంచె కట్టుకుని పీట మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాను. పురోహితుడు తీరుబడి గల మనిషి. మంత్రానికీ మంత్రానికీ మధ్య నశ్యం పీల్చాడు. నా కాలు తిమ్మిరెక్కి, తర్వాత మంటెక్కి, చివరికి అసలు నాదేనా అన్నట్టయింది. జీలకర్ర బెల్లం అయింది. తెర తీశారు. ఎదురుగా ఆమె తలవంచుకుని కూర్చుని ఉంది. మేళం జోరందుకుంది.

"లేచి నిలబడి తాళి కట్టు నాయనా" అన్నాడు పురోహితుడు.

లేచాను. అంటే లేవబోయాను. పట్టుపంచె కుచ్చెళ్ళలో పాదం చిక్కుకుంది, ఒళ్ళు తిరిగింది. చిప్ప పోయింది. లేచినంత వేగంగా మళ్ళీ పీట మీద కూలబడ్డాను.

వేరే దేశంలో అయితే ఎవరైనా "ఏమైందప్పా?" అని అడిగేవాళ్ళేమో. మా సీమలో పెండ్లికొడుకు పీట మీద నుంచి లేవకపోతే దానికి ఒక్కటే అర్థం. అలిగాడు. అలిగిన అల్లుడికి ఏం కావాలో కనిపెట్టి ఇచ్చేదాకా మామ బతిమాలాలి. అది ముచ్చట. అందుకని నా మొహం చెమటలు పట్టి, పెదవులు బిగుసుకుపోయి ఉంటే పందిరంతా సంతోషించింది.

"అలిగినాడు, అలిగినాడు!" అని ఆడవాళ్ళు నవ్వారు.

మామ వచ్చి నా ముందు నిలబడ్డాడు. "ఏం కావాల అల్లుడా? వెండి చెంబు ఇస్తా, లెయ్."

నోరు తెరిస్తే కేక బయటికి వస్తుంది. కేక వస్తే మోకాలి గుట్టు బయటికి వస్తుంది. తల అడ్డంగా ఊపాను.

"కోడెదూడ నిస్తా. పాలపండ్లది."

ఊపాను.

"వాచీ ఇస్తా."

నొప్పికి కళ్ళు మూసుకున్నాను. అది పొగరుగా కనిపించిందట.

"నాకు ఆ పొద్దే చెప్పినాడు, సైకిలు అడుగుతాడని!" అని మా చిన్నాయన వెనకనుంచి అరిచాడు. నేను ఆయనతో ఏ పొద్దూ ఏమీ చెప్పలేదు. "గట్టిగా ఉండు రా! దిగొద్దు!" అని నా భుజం మీద ఒక చరుపు చరిచాడు. ఆ దెబ్బకు చిప్ప ఇంకో వెంట్రుకవాసి జరిగింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"అయ్యో, సైకిలు కోసరం ఏడుస్తాండాడు బిడ్డ" అంది ఎవరో ముసలామె.

సైకిలు ఇస్తానన్నాడు మామ. ఊపాను. గ్రామఫోను అన్నాడు. ఊపాను. అప్పటికి పందిట్లో నవ్వులు ఆగిపోయాయి. ఆశపోతు అనే మాట వినిపించింది. ముహూర్తం దాటిపోతుందని పురోహితుడు నశ్యం డబ్బీ కూడా మూసేశాడు. మామ మొహం ఎర్రబడింది. "ఇంత పేరాశ ఉన్నోనికి పిల్లనియ్యాల్నా?" అన్నాడు మా నాయనతో. మా నాయన నావైపు చూశాడు. నేను కాలు చాపితే బతుకుతాను. కాని చాపితే ఎటు చాపాలి? ముందర దీపం, కలశం, పెద్దలు. వాటివైపు కాలు చాపినవాడికి పిల్లనిచ్చే ఇల్లు కడప జిల్లాలో లేదు.

ఇక అంతా అయిపోయిందనుకున్నాను. నిజంగా ఏడుపొచ్చింది, ఈసారి నొప్పికి కాదు.

అప్పుడు పెండ్లికూతురు తల ఎత్తింది. పీట మీద కూర్చున్న పెండ్లికూతురు నోరెత్తకూడదు. ఈమె ఎత్తింది.

"నాయనా, బావకు సైకిలూ వద్దు, ఏమీ వద్దు. ఎత్తుపీట కావాల. మన లోపలింట్లో ఉండాదే, అది."

మామ ఉలిక్కిపడ్డాడు. "ఆ పీటా?"

"ఆ పీటే. నువ్వే తేవాల."

మామ కదలకుండా కూతురిని చూశాడు, తర్వాత నన్ను చూశాడు, లోపలికి పోయాడు. గ్రామఫోను వద్దని పీట అడిగిన అల్లుడిని ఎవరూ చూసి ఉండలేదు గనక, ఆ వింత పీట ఎట్లా ఉంటుందో చూద్దామని పందిరంతా వాకిలివైపు తిరిగింది. ఆ సందులో ఆమె జరిగి, నా పంచె కింద చేయి పెట్టి మడమ పట్టుకుంది.

"తొడ వదులు చెయ్ బావా."

లాగింది. టక్కుమంది.

"ఏమిటా చప్పుడు?" అన్నాడు పురోహితుడు.

"టెంకాయ" అందామె.

పీట వచ్చింది. ముక్కాలి పీట, మోకాలంత ఎత్తు. కూర్చుని కూర్చుని పైభాగం అద్దంలా నున్నబడి ఉంది. దాని మీద కూర్చుంటే కాలు సగానికి మించి మడవనక్కరలేదు. ఎవరో కొలిచి నా కోసమే చేయించినట్టుంది. దాని మీద కూర్చునే మూడుముళ్ళూ వేశాను. అక్షింతలు వేసే వంకతో మామ నా చెవి దగ్గరికి వంగాడు.

"ఏ పక్కకు పోతాది?"

"బయటి పక్కకు మామా."

"నాదీ అంతే" అన్నాడు, గొంతు తగ్గించి. ఆ గొంతు తగ్గుతుందని నాకు ఆ రోజే తెలిసింది.

పెండ్లయిన మర్నాటికి మోకాలు తాటిపండంత వాచింది. వేంపల్లె నుంచి కట్లు కట్టే సాయిబు వచ్చాడు. కాలు తిన్నగా చాపి పెట్టి, మినప్పిండీ కోడిగుడ్డు సొనా కలిపి పట్టువేసి, వెదురుబద్దలు పెట్టి కట్టాడు. వాపు తీసిన మాట నిజమే. కాని ఆ గుడ్డు వాసనకు వీధికుక్క ఒకటి నాతో స్నేహం కట్టింది. నేను పడుకుంటే కట్టు నాకేది. నేను కర్ర ఎత్తితే తోక ఊపేది. కొత్త పెండ్లాం కంటే అదే ఎక్కువ నా దగ్గర కూర్చునేది.

కట్టు విప్పాక చూస్తే తొడ చిక్కి కొర్రకంకిలా అయింది. మామ నన్ను కడప ఆసుపత్రికి తోలుకుపోయాడు. నాకు తోడు అని చెప్పి, అక్కడ తనూ పంచె పైకెత్తి బల్ల మీద కూర్చున్నాడు. డాక్టరు రెండు మోకాళ్ళూ అటూ ఇటూ కదిపి చూశాడు. చిప్ప పగల్లేదు, పగిలితే తీగెతో కుట్టడానికి మద్రాసు పోవాల్సి వచ్చేదన్నాడు. సాయిబు కట్టు బాగుంది గాని కట్టు ఒక్కటే చాలదట. చిప్పను నిలబెట్టేది తొడ కండ. దానికి బలం రావాలంటే వెల్లకిలా పడుకుని, మడమకు ఇసుకమూట కట్టి, మోకాలు వంచకుండా కాలు ఎత్తి దించాలి. ఇట్లాంటి మోకాళ్ళు కొన్ని ఇళ్ళల్లో వంశపారంపర్యంగా వస్తాయని కూడా చెప్పాడు. మామ పైకప్పు చూశాడు.

ఆ ఎండాకాలమంతా మామా అల్లుళ్ళం వాళ్ళింటి పంచలో రెండు మంచాలు పక్కపక్కన వేసుకుని, ఇసుకమూటలు కట్టుకుని కాళ్ళు ఎత్తాం. ఇసుక బదులు ఆయన వేరుశనగ బుడ్డల పొట్టు పోసుకుని మోసం చేసేవాడు. మా అత్త మూట పిసికి చూసి తిట్టేది.

ఒకనాడు ఉండబట్టలేక అడిగాను. "నీ కాలు ఇట్లుంటే, కాళ్ళు సరిగా లేనోనికి పిల్లనియ్యనని ఊరంతా ఎందుకు చెప్తివి మామా?"

ఆయన కాలు గాల్లోనే ఉంది. "కాపురానికొచ్చినప్పటి నుంచి మీ అత్తే నా కాలు లాగుతాండాది రా, ఎవరికీ తెలీకుండా. నా బిడ్డకు ఆ పాట్లు వద్దనుకుంటి."

గడప దగ్గర బియ్యం చెరుగుతున్న నా భార్య చేట ఆపింది. "అమ్మను చూసి నేర్సుకున్న్యా. నాకు చేతనయ్యే పని అదొక్కటే నాయనా. అది తెల్సే బావను చేసుకున్న్యా."

మామ కాలు దించి, మూట విప్పి, పొట్టు పారబోసి, ఇసుక తెమ్మన్నాడు.