కడిగేసిన కోడికూర

జులై ఇరవై రెండు, సోమవారం, సాయంత్రం ఆరూ పదికి మొదలైంది. ఆదివారం చర్చి నుంచి వచ్చాక నేను వండిన కోడికూరలో పదకొండు ముక్కలు ఫ్రిజ్‌లో మిగిలాయి. మా వారికి సోమవారం ఉదయమే దవడ పన్ను పీకారు. వారం దాకా కారం తగలకూడదన్నారు. పటమటలో మా ఇంటి పైవాటాలో ఉండే మా చెల్లెలు ఆ మాట విని కిందకి దిగింది.

"అక్కా, నువ్వు కూర్చో. బావగారికి కార్న్ చౌడర్ చేస్తా."

"అదేంటే?"

"పాలు పోసి చేసే చిక్కటి మొక్కజొన్న సూపేలే. ఇరవై నిమిషాలు."

నా కూరలోంచి ముక్కలు ఏరి, చిల్లుల గిన్నెలో వేసి, కుళాయి కింద పెట్టింది. ధనియాలు వేయించి దంచింది నేను. అల్లం, వెల్లుల్లి నూరింది నేను. అదంతా ఎర్రగా సింకులోకి పోతోంది.

"అయ్యో, కడుగుతావేంటే!"

"మరి బావగారి చిగురు మండిపోదూ?"



వెన్నలో ఉల్లిపాయ మగ్గించి, చెంచాడు మైదా చల్లి, పాలు పోసింది. సన్నగా తరిగిన ఒక బంగాళాదుంప, రెండు పొత్తుల గింజలు, ఎముకలు తీసి చీల్చిన నా కోడి. గడియారం చూశాను. ఇరవై రెండు నిమిషాలు.

ఆయన మొదటి చెంచా నోట్లో పెట్టుకుని, వాచిన బుగ్గతోనే, "బాగుంది" అన్నారు.

నలభై నాలుగేళ్ళుగా నా వంటకి ఆయన అనే మాట ఒక్కటే: తినొచ్చు. రొయ్యల వేపుడైనా తినొచ్చు, పెళ్ళిరోజు బిర్యానీ అయినా తినొచ్చు. బాగుంది అన్నది సున్నా. నాకు లెక్క తప్పదు.

"ఇంకో గరిటె వెయ్యనా బావగారూ?"

"వెయ్యమ్మా మరదలా. మీ అక్క చేతి కూర నమిలీ నమిలీ కదా ఈ పన్ను ఊడింది!"

ఇద్దరూ నవ్వారు. నేను సింకు కడిగాను.

ఆ వారమంతా చెల్లెలు మెట్ల మీంచి పిలిచినా పలకలేదు. మళ్ళీ సోమవారం నేనే చౌడర్ చేశాను. కడిగే పని లేకుండా, ముందురోజే ఆరు ముక్కలు మసాలా తగలనీయక ఉప్పుతో ఉడికించి దాచాను. పాలు గ్లాసుతో కొలిచి పోశాను. సరిగ్గా ఇరవై నిమిషాలకి దించాను.

ఆయన రెండు చెంచాలు తిని, టీవీ వైపు చూస్తూ, "తినొచ్చు" అన్నారు.

"మరి దానిది బాగుందన్నారే?"

"పనిగట్టుకుని దిగొచ్చి వండిన మనిషిని పట్టుకుని తినొచ్చు అంటామా? నువ్వేవన్నా చుట్టానివా?"

గిన్నె మాత్రం ఖాళీ చేశారు. చుట్టం కాదన్నందుకు సంతోషించాలని తెలుసు. కానీ ఆయన కంచం ముందు ఒక్క పూటైనా చుట్టాన్ని కావాలనిపించింది.

పోయినవి: గిన్నెడు ఇగురు. ఒక పన్ను. చెల్లెలితో ఏడు రోజుల మాటలు. చెల్లెలి ఖాతాలోకి ఒక "బాగుంది", అదీ నా కోడికే.