పాసంగం రాయి

మా బావ రామకోటేశ్వరరావు కూర్చోగా చూసినవాళ్ళు జగ్గయ్యపేటలో తక్కువ. కిరాణా కొట్టు యజమాని అన్నాక గల్లాపెట్టె ముందు స్థిమితంగా కూర్చోవాలి కదా. ఆయన కూర్చోడు. గోడమీద కేలండర్ ఒరిగిందని లేస్తాడు, బస్తాల వరస వంకరపోయిందని లేస్తాడు, ఏమీ లేకపోతే వీధిలోకి వెళ్ళి కొట్టు బోర్డు సమంగా ఉందో లేదో చూసొస్తాడు. అన్నం తింటూ మధ్యలో లేచి, ఎడమచేత్తో దొడ్డితలుపు గడియ వేసొచ్చే మనిషిని నేనింకెక్కడా చూడలేదు. మా అక్క జ్ఞానప్రసూనాంబ ఆయన విస్తరి మీద ఈగలు తోలుతూ కాపురం చేసుకొస్తోంది.

నేను దీనికి పూర్తిగా విరుద్ధం. నందిగామలో ఇంగ్లీషు పాఠాలు చెప్పి రిటైరయ్యాను. పొద్దున్న పడక్కుర్చీలో పడితే మధ్యాహ్నం భోజనానికే లేవడం. అందుకే మా ఇద్దరికీ పడదు, అందుకే వారానికోసారైనా నేను చిల్లకల్లు దగ్గర బస్సు దిగి, ఆటో పట్టుకుని ఆయన కొట్టుకి వెళ్తాను.

ఆ కొట్లో వెనక గదిలో ఒక పాత త్రాసు ఉంది. బావ తాతగారు బెల్లం వ్యాపారం చేసిన రోజుల్లోది. మూడు గట్టి వాసాలు నిలబెట్టి వేలాడదీస్తే రెండు పళ్ళేలూ నేలకు జానెడెత్తున ఊగుతాయి, మనిషి కూర్చోవచ్చు. ఇప్పుడు అమ్మకాలన్నీ ఎలక్ట్రానిక్ కాటా మీదే. పాత త్రాసును దించేది మొక్కులకు మాత్రమే. జబ్బు పడ్డ పిల్ల లేచి తిరిగితే ఎత్తు బెల్లం ఇస్తామని అమ్మవారికి మొక్కుకున్నవాళ్ళకు కాటా మీద వెలిగే అంకెలతో తృప్తి ఉండదు. ఒక పళ్ళెంలో పిల్ల, ఒక పళ్ళెంలో బెల్లం, నడుమ ముల్లు నిటారుగా నిలబడాలి, పదిమందీ చూడాలి. ఈ చుట్టుపక్కల ఊళ్ళలో ఎవరింట మొక్కు తీర్చాలన్నా బావకే కబురొస్తుంది. దానికి ఆయన ఎవరి దగ్గరా ఏమీ పుచ్చుకోడు. తాత నాటినుంచీ వస్తున్న మర్యాద అది. ఆయనకున్న గర్వమూ అదొక్కటే.

ఆ త్రాసుకొక లోపం ఉంది. ఒక పళ్ళెం తుప్పుపట్టి చిల్లుపడితే బావ నాన్నగారు కొత్తది చేయించారు. అది పాతదానికన్నా కాస్త తేలిక. ఆ తేడా పూడ్చడానికి కొత్త పళ్ళెం గొలుసుకు ఒక నల్లరాయి కడతారు. దాన్ని పాసంగం అంటారు. ఇంగ్లీషులో దీనికి సరిపోయే పాత మాట ఒకటుంది, ఈక్విపాయిజ్. సమతూకం అనీ అర్థమే, సమతూకం తెచ్చే ఎదురు బరువు అనీ అర్థమే. ఇప్పుడు ఎవరి నోటా వినిపించదు. నా సర్వీసంతటిలో దాన్ని బోర్డు మీద రాసిన గుర్తు లేదు. పాత పుస్తకాలవాళ్ళు దాన్ని త్రాసుల గురించి కన్నా మనసుల గురించే ఎక్కువ వాడారు. ఫలానా పెద్దమనిషి మనసు ఈక్విపాయిజ్‌లో ఉంది అంటే, అటు కోపానికీ ఇటు సంబరానికీ ఒరగకుండా నిలకడగా ఉందని. ఇదంతా ఒకసారి బావకు చెప్పాను.

"మనసుకి పాసంగం ఎక్కడ కడతార్రా కిషోరూ?" అన్నాడు బస్తా సర్దుతూ.

"నీకు కట్టారుగా బావా, మా అక్కని."

వంటింట్లోంచి అక్క నవ్వింది. ఆయన నవ్వలేదు. నిజంగానే ఆలోచిస్తూ వీధిలోకి వెళ్ళిపోయాడు.

క్రిందటి మాఘమాసంలో పెనుగంచిప్రోలు నుంచి కబురొచ్చింది. దశరథరామయ్య గారని అక్కడ పెద్ద రైతు, మిర్చీ పత్తీ వేస్తారు. ఆయన మనవరాలు అక్షయకు ఐదేళ్ళు. డెంగీ వచ్చి విజయవాడ ఆసుపత్రిలో చావు తప్పి బయటపడింది. పిల్ల తల్లి ఉషశ్రీ ఎత్తు బెల్లం మొక్కుకుంది. వాళ్ళ వాకిట్లో తూచి, బెల్లాన్ని ట్రాక్టరు మీద గుడికి తీసుకెళ్ళాలని ఏర్పాటు.

మొక్కుకు ముందు త్రాసును చింతపండుతో తోమి పసుపు రాయడం మామూలు. పాసంగాన్ని విప్పి వేరే కడుగుతారు. అక్క ఆ రాయికి కూడా బొట్టుపెట్టి, ఆరాలని దేవుడి గూట్లో పెట్టింది. ఇంతలో ఆటో వచ్చి హారన్ కొట్టింది. బావ వాసాలు, త్రాసు దండె, పళ్ళేలు ఎక్కించుకుని వెళ్ళిపోయాడు.

అక్కడైనా తెలిసుండేది. తూచే ముందు ఖాళీ పళ్ళేలు వేలాడదీసి, ముల్లు నిలబడిందని అందరికీ చూపించడం బావ పద్ధతి. ఆ రోజు వర్జ్యం వచ్చేస్తోందని పురోహితుడు తొందరపెట్టాడు. పిల్లకు ఇనుము చల్లగా తగులుతుందని ఆడవాళ్ళు ఈయన చూపించకముందే రెండు పళ్ళేల్లోనూ కొత్త చీరలు మడతలు పెట్టి పరిచేశారు. పిల్ల ఏడుపు మొదలుపెట్టింది. కానివ్వండి కానివ్వండి అన్నారు. బావ కానిచ్చాడు. రెండు గంపల బెల్లంతో ముల్లు నిలబడింది. అందరూ దండం పెట్టుకున్నారు.

సాయంత్రం ఇంటికొచ్చి కాళ్ళు కడుక్కుంటుంటే అక్క అడిగింది.

"పాసంగం తీసుకెళ్ళలేదేంటండీ? గూట్లోనే ఉంది."

మర్నాడు నేను వెళ్ళేసరికి బావ కొట్టు ముందు ఆ చివరినుంచి ఈ చివరకు తిరుగుతున్నాడు. చేతిలో రాయి. సంగతంతా చెప్పి, "ఒరేయ్, పిల్ల ఏ పళ్ళెంలో కూర్చుందో గుర్తు రావట్లేదురా" అన్నాడు.

గొడవంతా అక్కడే ఉంది. పిల్ల పాత పళ్ళెంలో కూర్చునుంటే బెల్లం కాస్త ఎక్కువే పడినట్టు, బాధ లేదు. తేలికైన కొత్త పళ్ళెంలో కూర్చునుంటే రాయంత బెల్లం తగ్గినట్టు. అంటే మొక్కు తీరనట్టు. రెండు పళ్ళేలకూ నిండా పసుపు, పైన చీరలు, చుట్టూ బంతిపూలు. ఏది ఏదో ఎలా తెలుస్తుంది?

పెనుగంచిప్రోలు వాళ్ళ బంధువెవరో తీసిన వీడియో ఏదో వంకతో తెప్పించాను. అందులో పిల్ల ఏడుపు మొహం ఉంది, ఉషశ్రీ కన్నీళ్ళున్నాయి, పళ్ళెం కనపడే సమయానికి ఒక లావుపాటి ఆయన వీపు అడ్డం వచ్చింది. ఆ వీపును బావ ఎన్నిసార్లు చూశాడో చెప్పలేను. కొట్టుకొచ్చినవాళ్ళు కందిపప్పు అడిగితే ఫోన్‌లోంచి తలెత్తి శనగపప్పు కట్టేవాడు.

"రాయంత బెల్లం ఇంకో ముద్ద తీసుకెళ్ళి నువ్వే అమ్మవారికి ఇచ్చెయ్. పీడా పోద్ది" అన్నాను.

"నేనిస్తే నా మొక్కవుద్ది. వాళ్ళ మొక్కెట్టా అవుద్దిరా?"

"అయితే వాళ్ళకి చెప్పు."

బావ వెళ్ళి బస్తాల వరస సర్దడం మొదలెట్టాడు. చెబితే మూడు తరాల మర్యాద ఒక్కపూటలో పోతుంది. ఆ శెట్టిగారి త్రాసు మోసమట అంటే చాలు, ఇంక ఎవరూ పిలవరు. ఇంతకుముందు తూచినవాళ్ళందరికీ కూడా అనుమానం మొదలవుతుంది. చెప్పకపోతే ఆ పిల్ల తుమ్మినా దగ్గినా ఈయన ప్రాణం మీదికొస్తుంది. అదే జరిగింది కూడా. శివరాత్రి దాటాక, పేటకు మందులకొచ్చిన పెనుగంచిప్రోలు సాంబయ్య కొట్టు ముందాగి, దశరథరామయ్య గారి మనవరాలికి మళ్ళీ దగ్గు పట్టుకుందని యథాలాపంగా అన్నాడు. ఆ రోజు బావ అన్నం ముట్టలేదు. అక్క నాకు ఫోన్‌చేసి ఏడ్చింది. నాకు ఒళ్ళు మండిపోయింది. ఊళ్ళో పిల్లలందరికీ దగ్గులే, వాతావరణం అలా ఉంది, దానికీ నల్లరాయికీ ఏమిటి సంబంధం? మర్నాడు వెళ్ళి ఇదంతా ఆయన మొహాన అరిచాను. ఆయన నా వైపు కాదు, గోడమీద కేలండర్ వైపు చూస్తున్నాడు.

"కిషోరూ, ఆ అమ్మాయి నా త్రాసుని నమ్మి దండం పెట్టుకుందిరా" అన్నాడు.

రేపు మాపు అంటూ ఉగాది వచ్చింది. పండగ వెళ్ళిన మర్నాడు నేనే ఆయన్ని ఆటో ఎక్కించాను. దారిపొడుగునా రాయిని ఈ జేబులోంచి ఆ జేబులోకి మారుస్తూనే ఉన్నాడు. మునేరు కనపడగానే "వెనక్కి పోదామా?" అన్నాడు. నేను డ్రైవర్ని ఇంకాస్త తొందరగా పొమ్మన్నాను.

దశరథరామయ్య గారు వాకిట్లో మిరపకాయలు ఏరిస్తున్నారు. కుర్చీలు వేయించారు. బావ నిలబడే, గుక్క తిప్పుకోకుండా అంతా చెప్పేసి రాయి చూపించాడు. పెద్దాయన విని పకపకా నవ్వారు.

"దీనికోసం ఇంతదూరం వచ్చారా శెట్టిగారూ? ఎవరు చూశారు? అమ్మవారేమన్నా కాటా పెట్టుకుని కూచుందా? మజ్జిగ తాగండి ముందు."

తిడితే బావ తట్టుకునేవాడేమో. ఈ నవ్వుకు ఆయన మొహం ఇంకా పాలిపోయింది. ఇంతలో గుమ్మంలో నిలబడి వింటున్న ఉషశ్రీ బయటికొచ్చింది. నవ్వలేదు.

"తగ్గినా తగ్గుండొచ్చంటారా బాబాయిగారూ?"

"ఉండొచ్చమ్మా. తగ్గలేదని నేను చెప్పలేను."

"అయితే మళ్ళీ తూయండి. అందరికీ చూపించే తూయండి. రేపు పిల్లని తీసుకుని మీ కొట్టుకే వస్తాం."

అందరికీ చూపించే, అన్న మాట దగ్గర బావ కళ్ళు మూసుకున్నాడు. సరేనమ్మా అన్నాడు.

మర్నాడు కొట్టు ముందు, నడివీధిలో త్రాసు నిలబెట్టారు. నేను ముందురోజు రాత్రి నందిగామ వెళ్ళకుండా అక్కడే ఉండిపోయాను. పక్క కొట్లవాళ్ళు, దారినపోయేవాళ్ళు, టీ తాగుతున్న సిమెంటు లారీ డ్రైవర్లు మూగారు. బావ పాసంగం లేకుండా ఖాళీ పళ్ళేలు వేలాడదీశాడు. ముల్లు పక్కకు ఒరిగింది. "ఆ రోజు ఇట్టా తూచానండీ. తప్పు నాదే" అన్నాడు గట్టిగా, అందరికీ వినపడేలా. తర్వాత రాయి కట్టాడు. ముల్లు నిలబడింది. గుమ్మంలో అక్క కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నేనెప్పుడూ వేళాకోళం చేసే మనిషిని చూసి గర్వపడవలసి రావడం అంత తేలిక కాదు.

అక్షయను పళ్ళెంలో కూర్చోబెట్టారు. ఈసారి ఏడవలేదు, గొలుసు పట్టుకుని ఊగుతానంది. రెండు గంపల బెల్లం రెండో పళ్ళెంలో సర్దారు. పిల్ల పళ్ళెం లేవలేదు. ఇంకో ముద్ద పెట్టారు, లేవలేదు. ఇంకో చిన్న బుట్ట తెచ్చారు. అందులో సగం అయినా పిల్ల కిందే ఉంది.

బావకు చెమటలు పట్టేశాయి. రాయి చిన్నది, దాని వల్ల ఇంత తేడా రాదు. "ఆగండాగండి. త్రాసే పాడైనట్టుంది" అంటూ పిల్లను దించమన్నాడు, బెల్లమంతా తీయించాడు, దండె మధ్య కొక్కెం చూశాడు, గొలుసులు చూశాడు, ఖాళీ పళ్ళేలు మళ్ళీ వేలాడదీశాడు. ముల్లు నిలబడే ఉంది. మళ్ళీ పిల్లను ఎక్కించారు, మళ్ళీ అదే తంతు. "ఎక్కడో తేడా ఉందిరా, ఎక్కడో ఉంది" అని నన్ను పట్టుకున్నాడు.

ఉషశ్రీ వచ్చి ఆయన ముందు నిలబడింది.

"త్రాసులో ఏం తేడా లేదు బాబాయిగారూ. దాన్ని చూడండి ఒకసారి."

బావ అప్పుడు చూశాడు. ఇన్నాళ్ళూ పళ్ళేలు చూశాడు, ముల్లు చూశాడు, వీడియోలో వీపు చూశాడు, పిల్లను ఇప్పుడే చూశాడు. మాఘంలో పుల్లల్లా ఉన్న చేతులు నిండాయి. బుగ్గలొచ్చాయి. మెడలో గొలుసు బిగుతైంది.

"ఒళ్ళు చేసిందండీ" అంది ఉషశ్రీ. కళ్ళనిండా నీళ్ళతో నవ్వుతోంది. "రోజూ చూసే నాకే తెలీలా. అనుమానంతోనే బతుకుతున్నా. మీరొచ్చి చెప్పకపోతే నాకిట్టా ఎవరు చూపిస్తారు?"

ఆ చిన్న బుట్ట పూర్తవబోతుండగా పళ్ళెం మెల్లగా లేచింది. ముల్లు కాసేపు అటూ ఇటూ కదిలి నిలబడింది. చూసినవాళ్ళు చప్పట్లు కొట్టారు. లారీ డ్రైవరు ఒకాయన బెల్లంముక్క ప్రసాదంగా అడిగాడు. అమ్మవారి దగ్గరికి వెళ్ళొచ్చాక పెడతారు ఆగవయ్యా అంది మా అక్క.

"పిల్లని దించనా బాబాయిగారూ?" అడిగింది ఉషశ్రీ.

"ఉండనియ్యమ్మా" అన్నాడు బావ. "కాసేపు కూచోనియ్యి."

అంటూనే వెనక్కి జరిగి, పక్కనున్న పంచదార బస్తా మీద కూలబడ్డాడు. బస్తా వంకరగా ఉంది. పిల్ల పళ్ళెంలో కాళ్ళు ఊపుకుంటున్నంతసేపూ ఆయన అక్కడినుంచి లేవలేదు.