డబ్బాలో ఉరుము

మొన్న మనుమడు కొత్త స్పీకర్లు తెచ్చి, అవి ఎంత బాగా పలుకుతాయో వినమంటూ ఉరుము చప్పుడు పెట్టగానే, నేను బియ్యం చెరుగుతున్న చాట అక్కడే పడేసి బాల్కనీలోకి పరుగెత్తాను. బయట మండే ఎండ. ఇంటిల్లిపాదీ నవ్వారు. నవ్వరా మరి, పల్లికాయ ఎండబోసుకున్న ఇళ్లలో బతికిన మీకైతే అర్థమవుతుంది గానీ వాళ్లకేం తెలుసు!

నేను వనపర్తి పక్క ఊరికి కోడలిగా వచ్చిన కొత్తలో మా బావ, అంటే మా ఆయన అన్న, మైకుసెట్టు నడిపేవాడు. పెళ్లిళ్లలో చెవులు గింగురుమనిపించే మైకులతో ఆయనకు తృప్తి లేదు. ఉన్న చప్పుడును ఉన్నట్టే వినిపించే స్పీకరు డబ్బా ఒకటి తన చేత్తో చేయాలని పట్టుదల. అందుకని పట్నం నుంచి ఒక రికార్డు తెచ్చాడు. అందులో పాటలుండవు, అన్నీ పరీక్ష చప్పుళ్లే: ఎడమ నుంచి కుడికి పోయే రైలు, పగిలే గాజు, చివర్లో ఉరుము. ఆ ఉరుముకు మా అత్త చెవే కొలత. అది విని, వానొస్తుందని ఆమె మిద్దె మీద ఎండబోసిన పల్లికాయ ఎత్తడానికి లేచిందంటే డబ్బా గెలిచినట్టు. ఆమె ఏనాడూ కదల్లేదు.

“గిది డబ్బాల ఉరుము కొడుకా. మబ్బు ఉరిమితే కడుపుల దడదడమంటది. నీది పిల్లి తుమ్మినట్టున్నది” అనేది.

బావ మళ్లీ తీగలు మార్చేవాడు. గోడలు మారుమోగుతున్నాయని చివరికి కాయ మీద కప్పే టార్పాలిన్‌ను కూడా తన గది గోడలకు మేకులతో బిగించాడు.

ఆ యాసంగి పంట కాయంతా మిద్దె మీదే ఎండుతోంది. ఏడాది తిండీ అదే, మళ్లీ వేసే విత్తనమూ అదే. తడిస్తే బూజు పట్టి రెండూ పోతాయి. మధ్యాహ్నం అన్నం తిని అత్త లోపల నడుం వాల్చింది, బావ గది తలుపు వేసుకున్నాడు. ఉన్నట్టుండి నేల అదిరేలా ఉరిమింది. అత్త కళ్లు తెరవకుండానే “ఇగో, ఇయ్యాల కుదిరింది కొడుకా!” అని మురిసిపోయింది. నాకూ సంతోషమే అయింది, తలెత్తి చూసేదాకా. ఫ్యాను ఆగిపోయి ఉంది. కరెంటు లేదు. మరి డబ్బా ఎట్లా ఉరుముతుంది?

“అత్తమ్మా, గిది మబ్బే!” అని అరుస్తూ మెట్లెక్కాను. పెద్ద పెద్ద చినుకులు కాయ మీద టపటపా పడుతున్నాయి, ఉత్త చేతులతో ఎంత ఎత్తినా తరగదు, కప్పుదామంటే టార్పాలిన్ గోడకుంది. కింద మేకులు ఊడుతున్న చప్పుడు. బావ దాన్ని గోడ పెళ్లలతో సహా పీక్కొని వచ్చేసరికి సగం కాయ నానిపోయింది. మిగతా సగం మీద కప్పి, మూలలు పట్టుకొని ముగ్గురం వాన వెలిసేదాకా కూర్చున్నాం.

అత్త ఆయన్ను తిట్టలేదు. “ఇగ నన్నడుగకు కొడుకా, నా చెవుల మీద నాకే నమ్మకం పోయింది” అంది, అంతే. బావ ఆ రికార్డు మళ్లీ పెట్టలేదు. అప్పటి నుంచి ఎప్పుడు ఉరిమినా ఆమె, ఆమె వెనక నేనూ, బయటికి పోయి మబ్బు చూడటం అలవాటైంది.

మనుమడి ఉరుము కడుపులో దడదడమంది. బావ బతికుంటే పిలిచి వినిపించేదాన్ని. ఆయన అన్నాళ్లు వెతుకులాడిన చప్పుడు ఇప్పుడు ఇంట్లోకి వచ్చింది గానీ, అది డబ్బాదో మబ్బుదో తేల్చుకోవలసిన పని ఎవరికీ లేదు. మా మిద్దె మీద ఇప్పుడు తడవడానికి ఏమీ లేదు.