ఆ నవ్వు కొమురమ్మది

చచ్చిపోయిన మనిషి ముఖాన్ని నాదని చెప్పుకుని ఇన్నేళ్లు బతికాను. మోయలేక మీకు చెబుతున్నాను. ముసలితనంలో అక్షరాలు నేర్చినదాన్ని, తప్పులుంటే దిద్దుకుని చదవండి.

మాది బయ్యారం దగ్గరి పల్లె. పడుచుతనంలో నేనూ కొమురమ్మా ఇనుపరాయి తట్టలు మోసేవాళ్లం. ఒకసారి ఎవరో వచ్చి ఆ పనిని సినిమా తీసి పట్టుకుపోయారు. రంగుల్లేని, మాటల్లేని రీలు. చాన్నాళ్లకు జనగామలో ఒక ఫొటో స్టూడియో మూసేస్తుంటే అది ఒక అమ్మాయికి దొరికింది. ఆ అమ్మాయి కొత్తగా ఏమీ తీయదు. పాత రీళ్లను మెల్లగా, మళ్లీ మళ్లీ తిప్పి చూపించి, చూసినవాళ్లు చెప్పిన మాటలనే వాటికి అతికించి సినిమా చేస్తుంది.

మా ఊరి బడి గోడకు దుప్పటి కట్టి చూపించింది. ఒక పడుచు తట్ట దించి, ఇటు తిరిగి, నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది.

"ఈమె ఎవరవ్వా?" అని అడిగింది అమ్మాయి.

కొమురమ్మ. చూడగానే పోల్చుకున్నాను. కానీ "నేనే" అన్నాను.

ఎందుకన్నాను? ఆ రీలులో నేనూ ఉన్నాను, కానీ వీపే కనిపిస్తుంది. వీపు చూపించి ఇది నేను అంటే ఎవరు పట్టించుకుంటారనా? కొమురమ్మను ఎరిగినవాళ్లు ఊళ్లో ఎవరూ మిగల్లేదు, కాదనేవాళ్లు లేరు. ఆ ముఖానికి నా గొంతు అతికింది.

మహబూబాబాద్‌లో ఆ సినిమా ఆడించిన రోజు నా పక్కన సరోజన కూర్చుంది. కొమురమ్మ కూతురు. నెలల పిల్లగా ఉన్నప్పుడే తల్లి పోయింది. తల్లి ఫొటో ఒక్కటీ లేదు.

"గింత మంచిగుంటివా చిన్నమ్మా! మా బాపు చూసుంటే మా అమ్మను ఇడిసి నిన్నే చేసుకుంటుండె," అని నవ్వింది. తర్వాత మెల్లగా అడిగింది: "మా అమ్మ గూడ గిండ్ల ఏడనన్న ఉన్నదా?"

"లేదు బిడ్డా. ఆ రోజు మీ అమ్మ పనికి రాలే."

మొదటి అబద్ధం నోరు జారిందని ఇన్నాళ్లూ నాకు నేనే సర్దిచెప్పుకున్నాను గానీ, ఇది జారినది కాదు. తల్లి ముఖం ఎదురుగా కదులుతుంటే, ఆ బిడ్డ కళ్లలోకి చూస్తూ, తెలిసి తెలిసి ఆ తల్లిని దాచేశాను. ఇంతకంటే పెద్ద దొంగతనం ఉంటుందా?

మొన్న ఆ సినిమా చేసిన అమ్మాయికి ఫోన్ చేసి నిజం చెప్పాను. ఆమె నా గొంతు తీసేసి, ఆ నవ్వు ఉన్న ముక్కను సరోజన ఫోనుకు పంపింది. మర్నాడు భూపాలపల్లిలో సరోజన ఇంటికి వెళ్లి, గడప దగ్గరే నిలబడి అంతా చెప్పేశాను.

"మా అమ్మనా?" అంది.

"మీ అమ్మే."

ఫోను చూసింది. మళ్లీ చూసింది. కొంగు తీసి తన నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఇగ నువ్వు పో చిన్నమ్మా," అంది, తల ఎత్తకుండానే.

క్షమించమని నేను అడగలేదు. ఆమె క్షమించనూ లేదు. బస్సెక్కి కిటికీ పక్కన కూర్చున్నాను. పరకాల ఎప్పుడు దాటిందో తెలియదు. పట్టపగలు అట్లా ఒళ్లెరగకుండా నిద్రపోయి ఎన్నేళ్లయిందో.